బల్ల దగ్గర కూర్చున్నవాళ్ళు

సన్‌రైజర్స్ ఓడిన మర్నాడు చిలకలూరిపేట ఎన్నార్టీ సెంటర్లో ఏ టీ కొట్టు దగ్గర నిలబడ్డా తిట్లు వినబడతాయి. సగం కెప్టెనుకి, సగం ఆఖరి ఓవరు వేసినవాడికి. వరసగా మూడు నాలుగు ఓడితే కోచ్ వంతు కూడా వస్తుంది. ఆ పదకొండు మందిని ఏరి తెచ్చి మైదానంలోకి వదిలినవాళ్ళెవరన్న ప్రశ్న మాత్రం టీ గ్లాసులు ఖాళీ అయ్యేదాకా రాదు. తిట్లు చాలావరకు తప్పు చిరునామాకి పోతున్నాయని నా అభిప్రాయం. అసలు చిరునామా ఎక్కడుందో వెతకడానికి జట్టు నడిపే మాటలను ఒక్కొక్కటిగా తీసుకుని వ్యాఖ్యానిస్తాను. విషయం ఉన్న చోట ఆగుతాను, లేని చోట దాటిపోతాను.

జనరల్ మేనేజరు

ఈ పదవి మన ఆటల్లో పెరిగింది కాదు. అమెరికా, కెనడా దేశాల్లో, ముఖ్యంగా మంచు మీద ఆడే ఐస్ హాకీలో, దీనికి ఉన్న గౌరవం మనకి ఊహకందదు. డబ్బు పెట్టేవాడు యజమాని. ఆడించేవాడు కోచ్. ఈ ఇద్దరి మధ్యా కూర్చుని ఎవర్ని తేవాలి, ఎవర్ని వదలాలి, ఎవర్నిచ్చి ఎవర్ని పుచ్చుకోవాలి, చివరికి ఆ కోచ్‌నే ఎప్పుడు సాగనంపాలి అన్నది తేల్చేవాడు జనరల్ మేనేజరు. అక్కడి అభిమానులు జట్టు చరిత్రను రాజవంశాల లెక్కలో, ఫలానా మేనేజరు కాలం, ఫలానా మేనేజరు కాలం అని చెప్పుకుంటారు.

మాంట్రియల్ కెనెడియన్స్ జట్టుకి 1964 నుంచి 1978 దాకా ఆ కుర్చీలో ఉన్న శామ్ పొలాక్ కథ ఒకటి చెబితే చాలు. ఆయన హయాంలో జట్టు తొమ్మిది సార్లు స్టాన్లీ కప్పు గెలిచింది. అక్కడ కొత్త కుర్రాళ్ళను పంచే డ్రాఫ్ట్ పద్ధతిలో అప్పట్లో పట్టికలో అట్టడుగున ఉన్న జట్టుకి మొదటి ఎంపిక దక్కేది. 1971లో గీ లాఫ్లర్ అనే అద్భుతమైన కుర్రాడు బరిలోకి వస్తాడని ముందే తెలుసు. పొలాక్ ఏడాది ముందే, 1970లో, బలహీనమైన కాలిఫోర్నియా జట్టుకి ఒక ఆటగాణ్ణిచ్చి దాని 1971 మొదటి ఎంపిక హక్కును తను రాయించుకున్నాడు. తీరా ఆట మొదలయ్యాక కాలిఫోర్నియా కంటే లాస్ ఏంజెలెస్ జట్టు దిగజారిపోయేలా కనిపించింది. అప్పుడాయన తన దగ్గరున్న రాల్ఫ్ బాక్‌స్ట్రామ్‌ని లాస్ ఏంజెలెస్‌కి పంపాడు. ఆ జట్టు కాస్త పైకి లేచింది. కాలిఫోర్నియా అడుగున మిగిలింది. లాఫ్లర్ మాంట్రియల్‌కి వచ్చాడు. మైదానంలో కర్ర పట్టకుండా ఆడిన ఆట అది.

మన హైదరాబాదు జట్టులో ఆ పదవి పేరు చెప్పుకుని వెలిగినవాళ్ళు లేరు. పని మాత్రం ఉంది. ఆ పని 2008 నుంచి ఎవరెవరి చేతులు మారిందన్నదే మన విషయం.

మేనేజరు

పాత రోజుల్లో క్రికెట్ మేనేజరంటే సామాన్ల లెక్క, హోటలు గదులు, భత్యాల పంపిణీ. జట్టుని ఎంపిక చేసే అధికారం కాదు. మన తెలుగు నేలకి ఈ విషయంలో రెండు చివరలూ అనుభవమే.

మొదటిది విజయనగరం మహారాజకుమారుడు విజయానంద గజపతిరాజు, లోకానికి విజ్జీ. 1930–31లో హాబ్స్, సట్‌క్లిఫ్ లాంటి ఇంగ్లండు దిగ్గజాలను తన ఖర్చుతో రప్పించి ఆడించిన మనిషి. అంతవరకూ మెచ్చుకోవలసిందే. కానీ జట్టుకి డబ్బు పెట్టి ఊరుకోలేదు, జట్టుకి తనే నాయకుడు కావాలనుకున్నాడు. 1936 ఇంగ్లండు పర్యటనకి అయ్యాడు కూడా. మేనేజరు మేజర్ బ్రిటన్ జోన్స్. మొదటి టెస్టు మొదలవకముందే ఇద్దరూ కలిసి లాలా అమర్‌నాథ్‌ని క్రమశిక్షణ పేరుతో ఓడ ఎక్కించి ఇంటికి పంపేశారు. ఆ మూడు టెస్టుల్లో విజ్జీ చేసిన పరుగులు మొత్తం 33. అదే జట్టులో సి.కె. నాయుడు ఒక సాధారణ సభ్యుడు. డబ్బు పెట్టేవాడు, ఎంపిక చేసేవాడు, ఆడేవాడు ఒక్కడే అయితే ఏమవుతుందో మనవాళ్ళు తొంభై ఏళ్ళ కిందటే చూపించేశారు.

రెండోది పి.ఆర్. మాన్‌సింగ్, హైదరాబాదు. 1983 ప్రపంచ కప్పుకి కపిల్‌దేవ్ జట్టుతో వెళ్ళిన మేనేజరు. ఆ జట్టుకి కోచ్ లేడు, ఫిజియో లేడు. ఉన్న అధికారి ఈయన ఒక్కడే. అన్ని పనులూ ఆయనే చూశారు. జూన్ 25న లార్డ్స్‌లో కప్పు గెలిచాక కూడా ఆటగాళ్ళ పేర్లు మోగాయి కానీ ఆయన పేరు మోగలేదు. 2021లో వచ్చిన ‘83’ సినిమాలో పంకజ్ త్రిపాఠీ ఆ పాత్ర వేశాకే చాలామంది తెలుగువాళ్ళకి ఆయన మనవాడని తెలిసింది. ఆ జట్టుని ఎంపిక చేసిన సంఘానికి అధ్యక్షుడు గులాం అహ్మద్. ఆయనా హైదరాబాదీయే. ఈ సంగతి ఇప్పటికీ ఎవరూ చెప్పుకోరు.

సెలక్టరు

ఐస్ హాకీ జనరల్ మేనేజరుకి మన దేశవాళీ పోలిక వెతికితే చీఫ్ సెలక్టరు దగ్గరికి వస్తాడు. ఆ కుర్చీలో 2016 సెప్టెంబరు నుంచి 2020 దాకా కూర్చున్నది గుంటూరు జిల్లా మనిషి, ఎమ్మెస్కే ప్రసాద్. ఆడినవి ఆరు టెస్టులు, పదిహేడు వన్డేలు. అంత తక్కువ ఆడినవాడు కోహ్లీ జట్టుని ఎంపిక చేయడమేమిటని అప్పట్లో చాలామంది వెటకారం చేశారు. ఆ వెటకారంలో నాకు పస కనబడదు. శామ్ పొలాక్ పెద్ద లీగులో ఒక్క ఆట కూడా ఆడినవాడు కాదు.

అయితే ఎమ్మెస్కే పేరు మనవైపు గుర్తుండిపోయింది వేరే కారణానికి. 2019 ఏప్రిల్ 15న ప్రపంచ కప్పు జట్టు ప్రకటించారు. నాలుగో స్థానానికి అంబటి రాయుడు ఖాయమనుకున్నవాళ్ళంతా నోరు వెళ్ళబెట్టారు. విజయ్ శంకర్‌ని తీసుకున్నారు. అతను మూడు కోణాల్లో పనికొస్తాడు, బ్యాటు, బంతి, ఫీల్డింగు అని ఎమ్మెస్కే వివరణ. మర్నాడు రాయుడు ప్రపంచ కప్పు చూడ్డానికి త్రీడీ కళ్ళజోడు తెప్పించుకుంటున్నానని ట్వీటు పెట్టాడు. ఇద్దరిదీ గుంటూరే. కారం ఎక్కడిదో చెప్పనక్కర్లేదు. ఆ జులైలో రాయుడు ఆట నుంచి తప్పుకుంటున్నానన్నాడు, ఆగస్టులో మళ్ళీ వస్తానన్నాడు. ఇంతకీ ఆ ప్రపంచ కప్పు సెమీఫైనల్లో మన పైవరస కూలిపోయినప్పుడు నాలుగో స్థానం గురించే దేశమంతా మాట్లాడుకుంది.

సెలక్టరుకీ జనరల్ మేనేజరుకీ ఉన్న తేడా ఇక్కడే తెలుస్తుంది. సెలక్టరు పొరపాటు చేస్తే మైకు ముందు సమాధానం చెప్పుకోవాలి. ఫ్రాంచైజీలో ఆ పని చేసినవాడు ఎవరో కూడా మనకి తెలీదు.

ఫ్రాంచైజీ

2008 జనవరి 24న ముంబైలో ఐపీఎల్ కోసం ఎనిమిది నగరాల జట్లను వేలం వేశారు. హైదరాబాదుని దక్కన్ క్రానికల్ హోల్డింగ్స్ 10 కోట్ల 70 లక్షల డాలర్లకు పైగా పెట్టి కొనుక్కుంది. పత్రిక యజమాని టి. వెంకట్రామిరెడ్డి జట్టు యజమాని అయ్యారు. పేరు దక్కన్ ఛార్జర్స్. 2012 నాటికి సంస్థ అప్పుల్లో కూరుకుపోయింది. సెప్టెంబరులో జట్టుని అమ్మకానికి పెడితే వచ్చిన ఒకే ఒక్క పాట విజయవాడకి చెందిన పొట్లూరి ప్రసాద్ గారి పీవీపీ వెంచర్స్‌ది. దాన్ని యాజమాన్యం కాదంది. మర్నాడే బోర్డు ఒప్పందం రద్దు చేసింది. కోర్టు గడువు ఇచ్చినా వంద కోట్ల బ్యాంకు పూచీ చూపించలేకపోయారు. అక్టోబరు 25న కొత్త వేలంలో సన్ టీవీ ఏడాదికి 85 కోట్ల 5 లక్షలకి జట్టుని దక్కించుకుంది. పీవీపీ రెండోసారీ వెనకబడింది.

ఇంతకు మించి కోర్టు కథ ఉంది. 2020లో మధ్యవర్తి దక్కన్ క్రానికల్‌కి బోర్డు 4,800 కోట్లు ఇవ్వాలన్నారు. 2021లో బొంబాయి హైకోర్టు ఆ తీర్పుని కొట్టేసింది. మనకి కావలసిన సంగతి ఒక్కటే. హైదరాబాదు పేరున్న జట్టుకి చెన్నైలో ఉన్న సన్ టీవీ అధిపతి కళానిధి మారన్ యజమాని అయ్యారు, జట్టు పేరు సన్‌రైజర్స్ అయింది. ఆటగాళ్ళలో చాలామంది, శిఖర్ ధావన్, డేల్ స్టెయిన్, సంగక్కర లాంటివాళ్ళు, పాత జట్టులోంచి కొత్త జట్టులోకి అలాగే వచ్చారు. కొట్టు మీది బోర్డు మారింది, సరుకు మారలేదు.

ఐకాన్

మొదటి ఏడాది కొన్ని నగరాలకు ఒక సొంత హీరోని ముందే కేటాయించారు. ముంబైకి సచిన్, కోల్‌కతాకి గంగూలీ, బెంగళూరుకి ద్రావిడ్. జట్టులో వేలంలో ఎక్కువ ధర పలికినవాడి కంటే ఐకానుకి పదిహేను శాతం ఎక్కువ ఇవ్వాలని నియమం. హైదరాబాదుకి వి.వి.ఎస్. లక్ష్మణ్ ఉండాల్సింది. ఆయన వద్దన్నాడు. ఆ డబ్బుతో జట్టు ఇంకొకర్ని కొనుక్కోవచ్చని చెప్పి, 3 లక్షల 75 వేల డాలర్లతో సరిపెట్టుకున్నాడు. దక్కన్ జట్టు ఆండ్రూ సైమండ్స్‌ని 13 లక్షల 50 వేల డాలర్లకు కొన్నది. లెక్క వేయండి: ఐకానుగా ఉండి ఉంటే లక్ష్మణ్‌కి పదిహేనున్నర లక్షల డాలర్లు దాటి రావాలి. జట్టు నిర్మాణంలో హైదరాబాదు చేసిన మొదటి తెలివైన నిర్ణయం యజమానిదీ కాదు, కోచ్‌దీ కాదు. జేబు వదులుకున్న ఆటగాడిది.

కోచ్

మొదటి కోచ్ రాబిన్ సింగ్. గిల్‌క్రిస్ట్, గిబ్స్, అఫ్రిది, సైమండ్స్, రోహిత్ శర్మ, ఆర్పీ సింగ్ ఉన్న జట్టు పద్నాలుగు మ్యాచుల్లో రెండే గెలిచి ఎనిమిదో స్థానంలో నిలిచింది. పట్టికలో తొమ్మిదోది లేదు కాబట్టి ఎనిమిది. 2009కి డారెన్ లీమన్ వచ్చాడు, గిల్‌క్రిస్ట్ కెప్టెనయ్యాడు, ఎన్నికల వల్ల పోటీలు దక్షిణాఫ్రికాకి తరలాయి. దాదాపు అదే జట్టు మే 24న జొహానెస్‌బర్గ్‌లో బెంగళూరుని ఆరు పరుగుల తేడాతో ఓడించి కప్పు ఎత్తింది.

నా వాదానికి ఇది ఎదురు నిలిచే సాక్ష్యమని ఒప్పుకోవాలి. సరుకు అదే, ఆడించినవాళ్ళు మారారు, ఫలితం తలకిందులైంది. గిల్‌క్రిస్ట్‌కి దక్కాల్సిన మెప్పు గిల్‌క్రిస్ట్‌కి దక్కాలి. దక్షిణాఫ్రికా పిచ్‌ల మీద బంతి లేచి వస్తే ఆర్పీ సింగ్ 23 వికెట్లు తీయడం కూడా ఆ మెప్పులో భాగమే. అయినా 2008 ఫిబ్రవరిలో కొన్నవాళ్ళు లేకపోతే 2009 మేలో ఎత్తడానికి చేతులు ఉండేవి కావు.

రిటెన్షన్

2011కి ముందు ఒక్కో జట్టు నలుగురిదాకా తన దగ్గర ఉంచుకోవచ్చన్నారు. చెన్నై, ముంబై నలుగురేసి మందిని ఉంచుకున్నాయి. రెండేళ్ళ కిందట కప్పు గెలిచి, ముందటేడు సెమీఫైనల్ ఆడిన దక్కన్ ఒక్కర్ని కూడా ఉంచుకోలేదు. రోహిత్ శర్మ వేలానికి వెళ్ళాడు. ముంబై ఇండియన్స్ 20 లక్షల డాలర్లిచ్చి పట్టుకుపోయింది. తర్వాత అతను కెప్టెనుగా ముంబైకి ఐదు కప్పులు తెచ్చాడు. వాళ్ళమ్మది విశాఖపట్నం, తెలుగు మాట్లాడతాడు అని మనం మురిసిపోవడమే మిగిలింది.

ఆ నిర్ణయం ఎవరిది? కోచ్ లీమన్ సలహానా, యాజమాన్యం ఖర్చు లెక్కా? ఏ విలేఖరీ అడిగి రాబట్టలేదు. మాంట్రియల్లో అయితే జనరల్ మేనేజరు ఇంటి ముందు మైకులు నిలబడేవి.

పర్సు

వేలంలో ఒక్కో జట్టు ఖర్చు పెట్టగలిగిన గరిష్ఠ సొమ్ము. 2014లో 60 కోట్లు, 2018లో 80, 2022లో 90, 2025కి 120. ఐస్ హాకీ వాళ్ళు 2004–05 ఏడాది ఆటంతా ఆపేసి, కొట్లాడుకుని, చివరికి 2005లో ఇలాంటి పరిమితికి ఒప్పుకున్నారు. మనం మొదటి రోజు నుంచే పెట్టుకున్నాం. పరిమితి ఉన్న చోటే తెలివికి పని. అందరి దగ్గరా అంతే డబ్బు ఉన్నప్పుడు ఎవడు బాగా కొన్నాడన్నది తేలిపోతుంది.

వేలం

పేటవాళ్ళకి వేలం గురించి వేరే చెప్పాలా. గుంటూరు మిర్చి యార్డులో టిక్కీ కోసి కాయ చేతిలోకి తీసుకోగానే కొనేవాడి కన్ను రంగు మీద, తొడిమ మీద, తేమ మీద పడుతుంది. తేజాకి ఒక ధర, తాలుకి ఒక ధర. అయితే కొన్న రోజున ఎవడు తెలివైనవాడో ఎవరూ చెప్పలేరు. సరుకు కోల్డ్ స్టోరేజీలో ఎక్కి, దిగి, ఎగుమతి అయ్యాక లాభమో నష్టమో తెలుస్తుంది. హైదరాబాదు జట్టు చరిత్రనీ అలాగే చదవాలని నేనంటాను: ఏ ఏడాది ఎవరు కెప్టెను అని కాక, ఏ ఏడాది ఎవరు కొన్నారు అని.

2014 వేలం చూడండి. టామ్ మూడీ కోచ్, లక్ష్మణ్, కృష్ణమాచారి శ్రీకాంత్ మెంటర్లు. డేవిడ్ వార్నర్‌ని ఐదున్నర కోట్లకు, భువనేశ్వర్ కుమార్‌ని 4 కోట్ల 25 లక్షలకు కొన్నారు. ఆ ఏడాది, తర్వాతి ఏడాది జట్టు ప్లేఆఫ్స్ దాకా రాలేదు. 2016లో వార్నర్ 848 పరుగులు చేశాడు, భువనేశ్వర్ 23 వికెట్లతో అందర్నీ దాటాడు, మే 29న బెంగళూరులో బెంగళూరు జట్టునే ఎనిమిది పరుగుల తేడాతో ఓడించి కప్పు గెలిచారు. ఆ కప్పు 2014లో కొన్నది.

అసలైన ఉదాహరణ 2022 డిసెంబరు 23న కొచ్చిలో జరిగిన వేలం. అప్పటికి కెప్టెను విలియమ్సన్‌ని వదిలేశారు. చేతిలో 42 కోట్ల 25 లక్షలు, అన్ని జట్లలోకీ ఎక్కువ. బల్ల దగ్గర కొత్త కోచ్ బ్రయాన్ లారా, మురళీధరన్, యజమాని కూతురు కావ్య మారన్. హ్యారీ బ్రూక్‌ని 13 కోట్ల 25 లక్షలకు కొన్నారు. మయాంక్ అగర్వాల్‌ని 8 కోట్ల 25 లక్షలకు కొన్నారు. 2023లో బ్రూక్ ఒక సెంచరీ కొట్టి, మిగతా మ్యాచులన్నీ కలిపి తొంభై పరుగులు చేశాడు. జట్టు నాలుగే గెలిచి పదో స్థానంలో, అంటే ఆఖరున నిలిచింది. లారాని పంపేశారు. ఆ వేలాన్ని అందరూ వెక్కిరించారు. నేనూ ఆ గుంపులో ఉన్నవాణ్ణే.

కానీ అదే రోజు అదే బల్ల దగ్గర హైన్రిక్ క్లాసెన్‌ని 5 కోట్ల 25 లక్షలకు కొన్నారు. విశాఖ కుర్రాడు నితీశ్ కుమార్ రెడ్డిని 20 లక్షలకు కొన్నారు. 2024లో జట్టు ఫైనల్‌కి చేరింది, క్లాసెన్ మధ్యలో విరుచుకుపడ్డాడు, నితీశ్ ఆ ఏటి వర్ధమాన ఆటగాడి బహుమతి అందుకున్నాడు. అప్పటికి కోచ్ డేనియల్ వెటోరి. లారా కొన్నదానికి మెప్పు వెటోరికి దక్కింది. వెటోరి వచ్చాక 2023 డిసెంబరు 19న దుబాయ్‌లో ప్యాట్ కమిన్స్‌ని ఇరవైన్నర కోట్లకు కొన్నప్పుడు కూడా జనం నవ్వారు. అప్పటికి ఆ ధర వేలం చరిత్రలోనే రికార్డు. అదే రోజు కాసేపటికే కోల్‌కతా స్టార్క్‌కి 24 కోట్ల 75 లక్షలిచ్చి రికార్డు చెరిపేసింది కాబట్టి నవ్వు అటు తిరిగింది. అదే వేలంలో ట్రావిస్ హెడ్ 6 కోట్ల 80 లక్షలకే వచ్చాడు. 2024 మార్చి 27న ముంబై మీద 277, ఏప్రిల్ 15న బెంగళూరు మీద 287. ఫైనల్లో 113కి కూలిపోయి ఆ స్టార్క్ చేతిలోనే దెబ్బ తిన్నారు, అది వేరే బాధ.

కోచ్ పోతాడు, కోచ్ వస్తాడు. 2013 నుంచి ఆ బల్ల దగ్గర మారనిది యాజమాన్యమే. సీఈవో కె. షణ్ముగం కాగితాలు చూస్తారు, చెయ్యెత్తే అధికారం కావ్య మారన్‌ది. టీవీ కెమెరా మాత్రం ఆమె మొహంలో మారే రంగుల్ని పట్టుకుంటుందే తప్ప, ఆమె ముందున్న కాగితంలో ఏ పేర్లు ఏ వరసలో ఉన్నాయో చూపించదు. ఐస్ హాకీ భాషలో చెప్పాలంటే హైదరాబాదుకి జనరల్ మేనేజరు ఆమే. ఆ పేరు పెట్టలేదు, అంతే. తిట్టేవాళ్ళు ఆమెను తిట్టాలని కాదు నేననేది. 2023ని ఆమె ఖాతాలో వేస్తే 2024నీ ఆమె ఖాతాలోనే వేయాలి. మనం మొదటిది వేసి రెండోది కమిన్స్‌కి ఇచ్చేస్తున్నాం.

కెప్టెను

ఈ మాట మీద ఎక్కువ రాయను, ఊరంతా రాస్తూనే ఉంది కాబట్టి. ఒక్క సంఘటన. 2018 మార్చిలో కేప్‌టౌన్‌లో బంతికి గరుకు కాగితం రాసిన గొడవ బయటపడగానే వార్నర్ సన్‌రైజర్స్ నాయకత్వం వదులుకున్నాడు. మర్నాడే ఆస్ట్రేలియా కోచ్ పదవికి రాజీనామా చేసిన మనిషి డారెన్ లీమన్, దక్కన్‌కి కప్పు తెచ్చినవాడు. విలియమ్సన్ ఆ ఏడాది జట్టుని ఫైనల్‌కి తీసుకెళ్ళాడు. 2021 మే 1న, ఆరు మ్యాచుల్లో ఒకటే గెలిచిన జట్టుకి కెప్టెనుగా ఉన్న వార్నర్‌ని తీసేశారు. మర్నాడు జట్టులోంచే తీసేశారు. అత్యధిక పరుగులకిచ్చే ఆరెంజ్ టోపీ మూడుసార్లు పెట్టుకున్నవాడు నీళ్ళ సీసాలు మోస్తూ కనిపించాడు. మరుసటేడు మే 5న ఢిల్లీ తరఫున సన్‌రైజర్స్ మీద 92 కొట్టి అజేయంగా నిలిచాడు. కెప్టెన్ని మార్చే హక్కు ఎవరికైనా ఉంటుంది. ఆ తీరు మాత్రం నాకు ఇప్పటికీ మింగుడుపడదు.

మెంటరు, డైరెక్టరు, అసిస్టెంటు

పదవుల పేర్లు పెరిగేకొద్దీ బాధ్యత పలచబడుతుంది. 2019లో మూడీని పంపి, ఇంగ్లండుకి ప్రపంచ కప్పు గెలిపించిన ట్రెవర్ బేలిస్‌ని తెచ్చారు. 2020 డిసెంబరులో అదే మూడీని డైరెక్టర్ ఆఫ్ క్రికెట్ అని వెనక్కి పిలిచారు. 2022కి మళ్ళీ కోచ్ చేశారు. ఆ సీజన్‌కి ముందు జరిగిన వేలం అయిన వెంటనే అసిస్టెంటు కోచ్ సైమన్ కాటిచ్ తప్పుకున్నాడు. ముందనుకున్న పథకం ప్రకారం వేలం జరగలేదన్నదే కారణమని పత్రికల్లో వచ్చింది. నిజమైతే ఈ వ్యాసం మొత్తానికీ ఆ ఒక్క వార్తే ఆధారంగా చాలు: పథకం వేసినవాళ్ళొకరు, పాట పాడినవాళ్ళొకరు.

ట్రేడ్

పొలాక్ లాంటి ఎత్తు మన జట్టులో ఎవరైనా వేశారా? వేశారు, గుర్తించింది తక్కువ. 2018 చివర్లో శిఖర్ ధావన్‌ని ఢిల్లీకి ఇచ్చి ముగ్గుర్ని పుచ్చుకున్నారు. ఒకడు విజయ్ శంకర్, పైన చెప్పిన మూడు కోణాల మనిషి. రెండోవాడు షాబాజ్ నదీమ్. మూడోవాడు పద్దెనిమిదేళ్ళ కుర్రాడు, లెక్క సరిపెట్టడానికి కలిపినట్టు కనిపించినవాడు: అభిషేక్ శర్మ. ధావన్ ఢిల్లీకి బాగా ఆడాడు, ఆ రెండు మూడేళ్ళు ఢిల్లీదే లాభం అనిపించింది. తర్వాత అభిషేక్‌ని 2022 వేలంలో ఆరున్నర కోట్లకు మళ్ళీ కొనుక్కున్నారు, 2025కి 14 కోట్లకు ఉంచుకున్నారు. 2025 ఏప్రిల్ 12న ఉప్పల్‌లో పంజాబ్ మీద 55 బంతుల్లో 141 కొట్టాడు. ఆ ట్రేడ్ కాగితం మీద మూడో పేరు రాయించిన చెయ్యి ఎవరిదో తెలిస్తే దండ వేయొచ్చు.

ఎదురు ఉదాహరణా ఉంది. 2017లో నాలుగు కోట్లకు తెచ్చి, 2018లో తొమ్మిది కోట్లకు నిలుపుకున్న రషీద్ ఖాన్‌ని 2022కి ముందు వదిలేశారు. గుజరాత్ 15 కోట్లిచ్చి తీసుకుంది, ఆ ఏడే కప్పు గెలిచింది.

మనవాడు

ఈ మాట మేనేజర్ల నిఘంటువులో ఉండదు, అభిమానుల నోట్లో ఉంటుంది. జట్టులో స్థానికులేరీ అని 2021లో హైదరాబాదు ఎమ్మెల్యే ఒకాయన బహిరంగంగానే నిలదీశారు. లెక్క తీస్తే నిలదీయవలసిందే. రాయుడు 2007లో బోర్డు ఒప్పుకోని ఐసీఎల్ పోటీల్లో హైదరాబాద్ హీరోస్‌కి ఆడి, బోర్డు క్షమాభిక్ష పెట్టాక ముంబైకి, చెన్నైకి వెళ్ళాడు తప్ప ఐపీఎల్‌లో హైదరాబాదు చొక్కా తొడగలేదు. సిరాజ్‌ని 2017లో 2 కోట్ల 60 లక్షలకు కొని, మరుసటేడు బెంగళూరుకి వదిలేశారు. 2025 ఏప్రిల్ 6న అతను గుజరాత్ తరఫున ఉప్పల్‌కే వచ్చి మనవాళ్ళ మీద నాలుగు వికెట్లు తీశాడు. తిలక్ వర్మని ముంబై తీసుకుంది. గుంటూరు కుర్రాడు షేక్ రషీద్‌ని చెన్నై తీసుకుంది. చెన్నై యజమాని హైదరాబాదు జట్టుకి, గుంటూరు కుర్రాడు చెన్నై జట్టుకి.

దీన్ని ద్రోహం అనుకోవడం తొందరపాటు. పర్సు ఉన్నవాడికి ఊరు కనబడకూడదు, బంతి కనబడాలి. అయితే సొంత ఊళ్ళోని కుర్రాణ్ణి అందరికంటే ముందు చూడగలిగే అవకాశం ఆ ఊరి జట్టుకే ఉంటుంది. ఆ అవకాశం వాడుకోకపోతే నష్టం ఆ పర్సుకే. సిరాజ్ విషయంలో జరిగింది అదే.

నితీశ్ విషయంలో అలా జరగలేదు. విశాఖలో చిన్నపిల్లాడిగా ఉన్నప్పుడే ఎమ్మెస్కే ప్రసాద్ కంట పడ్డాడని, ఆంధ్ర క్రికెట్ సంఘం చదువుకీ ఆటకీ అండగా నిలిచిందని చెబుతారు. ఆ త్రీడీ గొడవలో తిట్లు తిన్న మనిషి ఖాతాలో ఇదీ వేయాలి. 2024 డిసెంబరులో మెల్‌బోర్న్‌లో నితీశ్ 114 కొట్టాడు. సన్‌రైజర్స్ అతన్ని 2025కి ఆరు కోట్లకు ఉంచుకుంది. కొచ్చిలో అతని పేరు పిలిచిన రోజున కనీస ధర 20 లక్షలు, అమ్ముడైన ధరా 20 లక్షలే. మిగతా తొమ్మిది బల్లల దగ్గర ఒక్కరూ ఎదురు పాట పాడలేదు.